పసుపు మూత డబ్బా

“మన ఇంటి చెత్త ఊరంతా చూడాలా ఏమిటి?” అంటుంది మా అత్తగారు స్టమాటియా, ఖాళీ పాల సీసాలన్నీ ఒక ప్లాస్టిక్ సంచిలో కుక్కి రెండు ముళ్ళు వేస్తూ. రెండో ముడి మరీ గట్టిది. దాన్ని విప్పడానికి ప్రతి మంగళవారం తెల్లవారుజామున నాకు పది నిమిషాలు పడుతుంది.

నేను విప్పుతున్నానని ఆవిడకి తెలియదు. తెలిస్తే అవమానంగా తీసుకుంటుంది. ఆవిడ పెళ్ళయిన కొత్తలో గ్రీసు నుంచి ఓడలో ఈ మెల్‌బోర్న్ వచ్చినప్పుడు, పక్కింటావిడ వీళ్ళ చెత్త చూసి “అబ్బ, వెల్లుల్లి కంపు” అని ముక్కు మూసుకుందట. ఆ రోజు నుంచి ఈ రోజు వరకూ ఆవిడ చేతుల్లోంచి ముడి వెయ్యని సంచి బయటికి పోలేదు. తలుచుకుంటే జాలేస్తుంది. కానీ పసుపు మూత డబ్బాలో, అంటే మళ్ళీ వాడుకునే సామాను వెయ్యాల్సిన దాంట్లో, మూటలు కట్టి పడేస్తే లోపల ఏముందో చూసేవాళ్ళుండరు, మూటలకి మూటలే గుంటలో పూడ్చడానికి పోతాయి. ఈ మాట రోజుకి ఇరవై గుమ్మాల ముందు చెప్తాను. అదే నా ఉద్యోగం.

అవును, కౌన్సిల్ అంటే ఇక్కడి మునిసిపాలిటీ, దాని తరఫున చెత్త డబ్బాలు తనిఖీ చేస్తాను. లారీ రాకముందే వీధులు తిరిగి, ఒక్కో మూత ఎత్తి చూసి, బాగుంటే ఆకుపచ్చ చీటీ, తప్పుంటే పసుపు చీటీ, మూడోసారీ తప్పయితే ఎర్ర చీటీ తగిలిస్తాను. ఎర్ర చీటీ పడిందంటే మూతకి టేపు వేసేస్తాం, లారీ దాన్ని ముట్టుకోదు. ఆ ఇంట్లో బాధ్యులెవరో వాళ్ళు శనివారం మా లారీల డిపోకి వచ్చి గంటసేపు క్లాసు వినాలి. మాకు మూడు నియమాలు. లోపల చెయ్యి పెట్టకూడదు, ఫోటో తియ్యాలి, ఉన్నదే రాయాలి. ఏడాదిన్నర నుంచి కాంట్రాక్టు మీద చేస్తున్నాను. ఈ గురువారం పర్మనెంటుకి ఇంటర్వ్యూ. నలభై ఆరేళ్ళకి మొదటిసారి నాకంటూ ఒక ఉద్యోగం అనుకుంటేనే భయమేస్తోంది.

ఎందుకంటే మా ఇంటి మీద ఇప్పటికే రెండు పసుపు చీటీలున్నాయి. మొదటిది నేను జ్వరంతో పడుకున్న వారం. రెండోది అడిలైడ్‌లో మా చెల్లెలి ఆపరేషన్‌కి వెళ్ళిన వారం. నేను మంగళవారం పొద్దున్నే డబ్బాలోకి నడుం దాకా వంగి ఏరకపోతే ఏమవుతుందో ఆ రెండు చీటీలే సాక్ష్యం. పైగా కౌన్సిల్ రికార్డులో మా డబ్బాలకి బాధ్యురాలు ఫొటిని, అంటే నేను. ఇల్లు మా ఆయన థానాసిస్ పేరున ఉంది, కారూ ఆయన పేరునే. డబ్బాల ఫారం వచ్చిన రోజు మాత్రం ఆయన చూసి, “ఇదేదో నీ డిపార్ట్‌మెంటు” అని నా ముందుకి నెట్టాడు. అప్పుడు నేనూ నవ్వాను.

మొన్న ఆదివారం థానాసిస్ నామదినం. ఏ పునీతుడి పేరు ఆయనకి పెట్టారో ఆ పునీతుడి పండగ ఈ దేశంలో మండుటెండల్లో వస్తుంది. నలభై మంది వచ్చారు. రెండు గొర్రెపిల్ల తొడలు, మూడు ట్రేల బంగాళాదుంపలు, పాలకూర కూరి కాల్చిన రొట్టెలు, అన్నీ నేనూ అత్తగారూ. థానాసిస్ పెరట్లో గ్లాసు పట్టుకుని, “మా ఆవిడ చెత్త ఇన్‌స్పెక్టర్ తెలుసా? ఇంటికొస్తే నన్నే తనిఖీ చేస్తుంది” అన్నాడు. “మరి నిన్ను ఏ డబ్బాలో వేస్తుందిరా?” అన్నాడు వాళ్ళ బావ. అందరూ పడీ పడీ నవ్వారు. నేను ఖాళీ ప్లేట్లు ఎత్తుతున్నాను. నాకు నవ్వు రాలేదని ఎవరూ గమనించలేదు.

అత్తగారు మాత్రం కాఫీ పిప్పీ గుడ్డు పెంకులూ వేరుగా తీసి నిమ్మచెట్టు కింద గుంటలో పాతిపెట్టింది. ఆవిడకి అందులో నన్ను మించిన నేర్పుంది. వంటింటి తుక్కు కోసం కౌన్సిల్ ఇచ్చిన ఆకుపచ్చ మూత డబ్బా ఆవిడకి గిట్టదు. “నా మట్టి నేనెందుకిస్తాను వాళ్ళకి?” అంటుంది. మట్టి అయ్యేది ఏదో ఆవిడకి బాగా తెలుసు. మట్టి కానిదంతా మూట కట్టి కంటికి కనపడకుండా చెయ్యడమే ఆవిడ పద్ధతి.

సోమవారం సాయంత్రం ఫోన్లో డ్యూటీ లిస్టు వచ్చింది. మంగళవారం మాకు పడ్డ వీధుల్లో మా వీధి ఉంది. వీధి మార్పించుకుందామని ఆఫీసుకి ఫోన్ చేస్తే ఎవరూ ఎత్తలేదు. ఆ మాట భోజనాల దగ్గర అన్నాను, తప్పంతా నాదే.

“ఇంకేం మరి!” అన్నాడు థానాసిస్. “ఇన్‌స్పెక్టరు మన మనిషే అయ్యాక భయమెందుకు?”

“భయం నా ఉద్యోగానికి. నేను అబద్ధం రాయను, థానాస్.”

“అబద్ధం ఎవరు రాయమన్నారు? మూత ఎత్తకు. అంతేగా.”

“ఎత్తకపోతే రాయడానికేముంటుంది?”

“అబ్బా, పెద్ద సుప్రీంకోర్టు జడ్జీలా మాట్లాడకు. ఆఫ్టరాల్ చెత్త.”

ఆఫ్టరాల్ చెత్త! అన్నవాడు అన్నట్టే లేచి, మామూలు చెత్త వేసే ఎర్ర మూత డబ్బా నిండిపోయిందని, ఆదివారం నుంచి పెరట్లో పడున్న రేకు ట్రేలన్నీ ఎముకలతో సహా పసుపు మూతలో పడేసొచ్చి చేతులు కడుక్కున్నాడు. అత్తగారు వెనకాలే నాలుగు మూటలు తీసుకెళ్ళింది. నేను గిన్నెలు తోముతూ ఆ చప్పుళ్ళు లెక్కపెట్టుకుంటూ నిలబడ్డాను.

మంగళవారం అయిదింటికి చేతి తొడుగులు వేసుకుని డబ్బా మూత ఎత్తాను. రెండు రోజుల ఎండకి గొర్రె కొవ్వు కుళ్ళి, పురుగులు పట్టింది. వంగాను. మొదటి ముడి మీద వేళ్ళు పెట్టాను. అప్పుడు పడగ్గది కిటికీలోంచి థానాసిస్ గొంతు వచ్చింది, సగం నిద్రలో, చాలా ప్రేమగా. “అంత కష్టపడకే ఫొటినీ. పైపైన సర్దెయ్. చూసేది నువ్వేగా.”

ఆ ప్రేమకి ఒళ్ళు మండిపోయింది. కసిరినా బాధ పడేదాన్ని కాదేమో. ఇరవై రెండేళ్ళుగా నేను పైపైన సర్దుతున్నదే కదా ఈ ఇల్లు! పండక్కి వచ్చిన వాళ్ళు “ఎంత శుభ్రంగా పెట్టుకుందో” అంటే ఆయన కాలరు సవరించుకుంటాడు. మొదటి పసుపు చీటీ చూసి, “ఇంట్లో ఇన్‌స్పెక్టరుండి ఇదేం ఖర్మ” అన్నాడు. జ్వరం నూట రెండు ఉన్నప్పుడు అన్నాడు. రెండోసారి ఫోన్ చేసి మరీ, “నువ్వెళ్ళావ్, పరువూ వెళ్ళింది” అన్నాడు. చెల్లెలు ఎలా ఉందని అడగలేదు. ఊళ్ళోవాళ్ళకి డబ్బా ఎవరిదైతే బాధ్యత వాళ్ళదని చెప్పే నేను, నా ఇంట్లో దొంగలా చీకట్లో ముళ్ళు విప్పుతున్నాను. ఎవరి కోసం? నా ఉద్యోగం కోసమే అనుకుంటూ వచ్చాను. కాదు, ఈ చెత్త తనది కూడా అని ఆయనకి ఎప్పటికీ తెలియకుండా ఉండడం కోసం. చెయ్యి వెనక్కి తీసుకున్నాను. తొడుగులు విప్పి ఎర్ర మూతలో వేసి, మొహం కడుక్కుని డ్యూటీకి వెళ్ళాను.

ఏడింటికి మా వీధి మొదలుపెట్టాం, నేనూ నోలీనూ. నోలీన్ నాకంటే పదేళ్ళు పెద్దది, సీనియర్. ఆమె అటువైపు ఇళ్ళు, నేను ఇటువైపు. మా ఇంటికి ఇంకా మూడిళ్ళుండగానే అంతా చెప్పేశాను.

“నా వైపు నువ్వు చూడు నోలీన్. నా ఇల్లు నేను చూడకూడదు.”

ఆమె వెళ్ళి మూత ఎత్తి, టక్కున దించి, ముక్కు మూసుకుని వచ్చింది. “ఓరి నాయనో! ఫొటినీ, నీ పేరు మీద మూడో చీటీ వెళ్తే గురువారం ఎవరూ నీ మొహం చూడరే. మేనేజరు లిస్టంతా చదువుతాడు.” అటూ ఇటూ చూసింది. “విను. నేనటు తిరిగి నిలబడతాను. పక్కింటి డబ్బా ఫోటో తీసి, ఆకుపచ్చ చీటీ తగిలించి రా. నాకూ మొగుడుండేవాడు, నాకు తెలీదా?”

ఎంత తేలిక! అయిదు నిమిషాలు కూడా పట్టదు. గురువారం ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్ళి, నిజాయితీ గురించి అడిగితే చక్కగా సమాధానం చెప్పచ్చు. వచ్చే మంగళవారం మళ్ళీ వంగచ్చు. ఆ తర్వాతి మంగళవారం కూడా. అలా ఎన్ని మంగళవారాలో తలుచుకునేసరికి ఇంక వంగకూడదని నిశ్చయమైపోయింది. భయం మాత్రం అలాగే ఉంది.

“ఫోటో మా డబ్బాదే తియ్యి. అంతా పడేలా తియ్యి” అన్నాను. “చీటీ నేను రాస్తాను. సంతకం నువ్వు పెట్టు.”

నోలీన్ నన్నోసారి తేరిపార చూసి ఫోటో తీసింది. నేను టేపు లాగిన చప్పుడుకి తలుపు తీసుకుని థానాసిస్ బయటికొచ్చాడు, పైజమాలో, చేతిలో కాఫీ కప్పుతో. వెనకాల అత్తగారు. ఎదురింటి వాళ్ళు కుక్కని తిప్పుతూ ఆగారు.

“ఏయ్, ఏం చేస్తున్నావ్? పిచ్చా నీకు? ఎర్ర చీటీ! మన ఇంటికి!”

“అయ్యో, లోపలికి లాగండర్రా, అందరూ చూస్తున్నారు” అంది అత్తగారు, పమిట లాంటి తన నల్ల శాలువాని నోటికడ్డం పెట్టుకుని.

“చూడనివ్వండి అత్తయ్యా” అన్నాను. పెన్ను తీశాను. ప్రతి గుమ్మం ముందూ అడిగే ప్రశ్నే, అదే గొంతుతో, అదే మర్యాదతో అడిగాను. “ఈ ఇంట్లో చెత్తకి బాధ్యులెవరు సార్? రికార్డులో పేరు మార్చాలి.”

“సార్ ఏమిటే?” అన్నాడు. కప్పులో కాఫీ తొణికింది.

“ఇల్లు మీ పేరునే ఉంది కదండీ” అని, థానాసిస్ అని రాసి, కింద ఆయన ఫోన్ నంబరు వేసి, చీటీ నోలీన్ సంతకానికి ఇచ్చి, తీసుకుని మూతకి తగిలించాను. “శనివారం పదింటికి డిపోకి రండి. గురువారం తర్వాత కూడా నా ఉద్యోగం ఉంటే, క్లాసు చెప్పేది నేనే.”