చూరుకు ముక్కు

మా పెళ్లయిన ఇరవై రెండో రోజున మా అత్తగారు మాణిక్యమ్మ మాకొక షరతు పెట్టారు. లాల్‌దర్వాజాలోని ఆ అద్దె ఇంట్లో మిద్దె మీది రేకుల గది ఒక్కటే మా ఇద్దరిది. రేకుల మీద పడ్డ వాన చూరు చివర నుంచి కింద పడకుండా, వెనక్కి పాకి గోడలోకి దిగేదట. పోయిన ఏడు సున్నమంతా పెచ్చులూడిందట.

“ఈసారి గోడ తడిసిందంటే కిందికొచ్చి పండుండ్రి. ఆ దిక్కు నువ్వు, ఈ దిక్కు వాడు, నడుమ నేను,” అన్నారావిడ, నవ్వు కొంగులో దాచుకుంటూ.

అప్పుడు మా ఆయన రామ్‌చందర్ ముఖం చూడాలి! ఆయన ఫ్యాక్టరీలో ఫిట్టర్.

“రేకు పనోడెందుకమ్మా, నేను లేనా?”

ఆదివారం పొద్దున్నే జింకు రేకు పట్టీ తెచ్చి, నిచ్చెనెక్కి, దాని పైఅంచు కప్పు కిందికి దూర్చి, కింది అంచు గోడకు అతుక్కునేలా మేకులు కొట్టారు. నిచ్చెన పట్టుకోవడం నా పని. నేను మాత్రం ఆయన చెవి మీది పెన్సిల్‌నే చూస్తూ నిలబడ్డాను.

“ఎట్లుంది సుశీలా?”

“మస్తుంది. చీరకు జరీ అంచు కుట్టినట్టుంది.”

మంగళవారం చిన్న జల్లు పడింది. నా ట్రాన్సిస్టర్ వెనక గోడ మీద చేటంత తడి మరక. కింద అత్తమ్మ చాప దులుపుతున్న చప్పుడు మాకు బాగా వినబడింది. వినబడాలనే దులిపారు.

మర్నాడు మా ఆయన చాయ్ సాసర్‌లోకి వంపుకుంటున్నారు. రోజూలాగే కప్పు పొట్ట మీదుగా జారి చాయ్ చొక్కా మీద పడింది. రోజూ నవ్వేదాన్ని, ఆ రోజు నవ్వలేదు.

“ఏంది, గట్ల చూస్తున్నవ్?”

“మీ కప్పూ మన చూరూ ఒక్క తీరే ఉన్నయండి. రెండిటికీ ముక్కు లేదు.”

ముక్కున్న పాలగిన్నె తెచ్చి నీళ్లు వంచి చూపించాను. ధార దూరంగా పడింది. పట్టీ అంచు కూడా అలా బయటికి వంగి ఉంటే నీళ్లు గోడను తాకవు.

“బీయస్సీ కోడలు గెలిచింది,” అన్నారు అత్తమ్మ. “ముప్పై ఏండ్ల సంది పాలు వంపుతున్న, నాకెందుకు తట్టలే?”

“కొలతలైతే నేను తప్పలే,” అని గొణుగుతూ మా ఆయన పటకారుతో అంచును వేలెడు బయటికి వంచారు.

శుక్రవారం దంచి కొట్టింది. కిటికీలోంచి చూస్తే నీళ్లు గోడకు ఎడంగా పూసల తెరలా రాలుతున్నాయి. ఆయన గోడకు చెంప ఆనించి, “ఎండకాలం లెక్కున్నది!” అని మురిసిపోయారు. గది మాదే!

అదే వానలో గొడుగు ముడుస్తూ మా బాపు వచ్చారు. “రేపటి సంది ఆషాఢం. బిడ్డను తోల్కపోదామని వచ్చిన.”

ఆషాఢం నెలంతా కొత్త కోడలు అత్తతో ఒకే గడప దాటకూడదు. అల్లుడు అత్తారింటి గడప తొక్కకూడదు. గోడ గొడవలో పడి మేమిద్దరం నెల సంగతే మరిచిపోయాం.

“మంచిగైంది. పొడి గదిల వాడొక్కడే హాయిగ పండుకుంటడు,” అని అత్తమ్మ పడీపడీ నవ్వారు.

నేను పెట్టె సర్దుకుని గుమ్మం దాటుతుంటే బాపు వెనకే మా ఆయన వచ్చారు.

“మామా, మీ పురానాపూల్ ఇంటి చూరుకు ముక్కున్నదా?”

“లేదల్లుడా.”

“ఆదివారమొచ్చి పెడ్త. గడప దాటను. నిచ్చెన బయటనే కద ఏసేది.”

“ఒక్క ఆదివారంల అయిపోతదారా?” అన్నారు అత్తమ్మ.

“కాదమ్మా,” అన్నారాయన, ఎంతో గంభీరంగా. “నాలుగు ఆదివారాలు పడ్తది.”