హ్యామ్ చక్కెర

లొవీనాను చంపింది ఆమె చెల్లెలు ఎర్మా. ఇందులో వాదన లేదు. గుండె పట్టేసిందని లొవీనా వంటింట్లో గోడకి చేరబడితే, పక్కనే ఉన్న ఎర్మా ఫోను తియ్యకుండా ఇరవై నిమిషాలు వీపు రాస్తూ కూర్చుంది. గ్యాసు అంది. అంబులెన్సు వచ్చేసరికి లొవీనా లేదు. ఆమె మొగుడు ఆమన్ కిస్ట్లర్ అప్పుడు పొలంలో కంచె బిగిస్తున్నాడు. నలభై ఆరేళ్ళు కాపురం చేసినవాడికి కడసారి మాట కూడా దక్కలేదు.

ఈ మాట అతను చర్చి మెట్ల మీద చెప్పాడు. దాణా కొట్లో చెప్పాడు. పోయిన నవంబరులో బర్కీ వాళ్ళింట పందిని కోసిన రోజు పదకొండు మంది ఎదుట చెప్పాడు. "దానికీ ఒక రోజు వస్తుంది. అది నా కళ్ళ ముందే రావాలి," అని కూడా అన్నాడు. చేతుల్లో కత్తులున్న మగవాళ్ళు ఒక్క క్షణం పని ఆపి, మళ్ళీ మొదలెట్టారు.

కొత్త సంవత్సరం రోజు పంది మాంసం, క్రౌట్ అనే పులిసిన క్యాబేజీ తినకుండా మా పెన్సిల్వేనియా లోయలో ఎవరూ ఉండరు. పంది ముట్టెతో ముందుకు తవ్వుతుంది, కోడి కాళ్ళతో వెనక్కి గీకుతుంది. ఏడాది ముందుకి పోవాలంటే ఆ రోజు పందినే తినాలి. పెళ్ళాం పోయినవాడికి ముందుకి పోయేదేముందని ఆమన్ రెండేళ్ళు వండుకోలేదు. మొదటి ఏడు పశువుల కొట్టం పైకప్పు ఎగిరిపోయింది. రెండో ఏడు మోకాలు పోయింది. మూడో ఏడు లొవీనా వాడిన కరెంటు స్లో కుక్కరు దింపి దుమ్ము తుడిచాడు.

తెల్లారకముందే మొదలుపెట్టాడు. అడుగున ఉల్లిపాయ చక్రాలు, వాటి మీద ఎముకతో ఉన్న హ్యామ్, అంటే ఊరబెట్టిన పంది తొడ ముక్క, చుట్టూ జాడీలోంచి తీసి పిండిన క్రౌట్, ఒక ఆపిల్, నాలుగు బంగాళాదుంపలు. పైన గుప్పెడు గోధుమరంగు చక్కెర పడాలి, లేకపోతే పులుపు పళ్ళు జివ్వుమనిపిస్తుంది. చక్కెర డబ్బా గోకి చూస్తే చెంచాడు కూడా లేదు. కొట్లన్నీ మూసి ఉన్నాయి. రోడ్డంతా గాజులా మంచు.

నేలమాళిగలోకి దిగి అరలు వెతికాడు. బీట్‌రూట్ ఊరగాయల వెనకాల ఒక సీసా దొరికింది. నిండా గోధుమరంగు చక్కెర. మూత మీద లొవీనా చేతిరాత, మా ముసలివాళ్ళ జర్మను మాటలో: షుంకెత్సుకర్. హ్యామ్ చక్కెర.

చచ్చిపోయి కూడా అన్నీ అమర్చి పెట్టింది అనుకున్నాడు ఆమన్. గుప్పెడు చాలదనిపించి మరో గుప్పెడు వేశాడు. మూత పెట్టి, తక్కువ వేడి మీదికి తిప్పి, ఇక తియ్యలేదు. మూత ఎత్తితే అరగంట వెనక్కి పోతుందని లొవీనా కసిరేది. గాజుమూత లోపల చెమటపట్టి, చుక్కలు జారుతూ ఉంటే పొద్దంతా కూర్చుని చూశాడు.

పన్నెండింటికి తలుపు దబదబ మోగింది.

"బావా! తలుపు తియ్యి. చలికి ముక్కు ఊడి నీ గుమ్మంలో పడేలా ఉంది."

ఎర్మా ఇల్లు రోడ్డుకి అవతలే. మూడేళ్ళలో ఆమె ఈ గడప తొక్కలేదు. ఆమన్ తలుపు బెత్తెడు తీశాడు.

"ఏం కావాలి?"

"ఇంకేం కావాలి, క్రౌట్. రెడింగ్‌లో మావాడింటికి వెళ్దామంటే కారు వాకిట్లోంచే కదలడం లేదు. నీ వంట వాసన నా వంటింటి దాకా వచ్చింది."

"ఏడాదిలో మొదట గడప తొక్కేది ఆడమనిషైతే ఇంటికి అరిష్టమంటారు. బాగుంది. ఇక నా గుర్రం చచ్చినట్టే."

"నీకు గుర్రం ఎక్కడుంది?"

"లేదు కాబట్టి బతికిపోయింది."

ఆ రోజు క్రౌట్ అడిగిన మనిషిని గుమ్మంలోంచి పంపేస్తే మిగతా ఏడాదంతా ఇల్లు ఉట్టిదే. ఆమన్‌కి అది తెలుసు. ఆమెకీ తెలుసు, అందుకే వచ్చింది. తలుపు వదిలేసి పొయ్యి దగ్గరికి నడిచాడు. ఆమెకి పళ్ళెం నిండా పెట్టాడు. తనకి పెట్టుకోలేదు. ఆమెతో ఒక బల్ల దగ్గర ముద్ద దించనని లొవీనా సమాధి దగ్గర ఒట్టేసుకున్నాడు. కాఫీ కప్పుతో పొయ్యికి ఆనుకుని నిలబడ్డాడు.

ఎర్మా ఒక ముద్ద తిని కళ్ళు మూసి తెరిచింది.

"అబ్బ! ఉప్పు కషాయం బావా ఇది. అచ్చం నీ మాటలాగే ఉంది."

"హ్యామ్ ఉప్పగా ఉంటుంది. అక్కర్లేకపోతే వదిలెయ్యి."

"కొత్త సంవత్సరం రోజు క్రౌట్ వదిలేసి దరిద్రం నెత్తిన పెట్టుకోమంటావా? నువ్వు కోరుకునేదీ అదేలే."

పళ్ళెం ఊడ్చేసింది. పులుపుకి ఆకలి రేగిందేమో మళ్ళీ సగం వడ్డించుకుంది. మాట్లాడుతూనే తింది. పాస్టరుగారి కొత్త పళ్ళ గురించి, బర్కీ వాళ్ళ కోడలు గురించి. 

అరగంట గడిచింది. ఎర్మా మాట మధ్యలో ఆగిపోయింది.

"తల పగిలిపోతోంది."

ఆమన్ చూశాడు. ఆమె పెదవులు నేరేడుపళ్ళు తిన్న పిల్లదాని పెదవుల్లా ఉన్నాయి. చలికేమో అనుకున్నాడు. వంటిల్లు వేడిగా ఉంది. బల్ల అంచు పట్టుకున్న ఆమె గోళ్ళు చూశాడు. అవీ నీలమే.

"బావా, కళ్ళు తిరుగుతున్నాయి. ఊపిరాడ్డం లేదు."

లొవీనా ముఖం గుర్తొచ్చింది. గుండే అనుకున్నాడు. ఆమెను గోడవారనున్న బెంచీ మీద పడుకోబెట్టి ఫోను తీశాడు. తాత్సారం చెయ్యలేదు. ఆ ఒక్కటీ ఎవరూ అనడానికి లేదు. రోడ్లు మంచుతో ఉన్నాయి, అరగంట పడుతుంది, ఆమెను మెలకువగా ఉంచండి అన్నారు అవతలివాళ్ళు.

ఏం చెయ్యాలో తోచక పళ్ళెం తీశాడు. కుక్కరు మూత ఎత్తాడు. పొద్దున్నించీ ఏమీ తినలేదు. చేతిలో చెంచా ఉంది కాబట్టి ఒక చెంచాడు క్రౌట్ నోట్లో పెట్టుకున్నాడు.

వెంటనే తొట్టిలో ఉమ్మేశాడు.

హ్యామ్ ఉప్పు కాదది. నాలుక మీద ఆ ఉప్పు వెనకాల ఇనుములాంటి రుచి. సీసా తీసి కిటికీ వెలుగులో తిప్పాడు. గోధుమరంగు పలుకుల మధ్య గులాబీరంగు పలుకులు.

అప్పుడు తెలిసింది. పందిని కోసిన రోజుల్లో లొవీనా చెక్క తొట్టెలో చక్కెర, ఉప్పు, గులాబీ ఉప్పు కలిపేది. గులాబీది తినే ఉప్పు కాదు. పచ్చి తొడలు కుళ్ళకుండా వాటికి రుద్ది ఊరబెట్టే ఉప్పు. ఒక్క చెంచాడుకి అయిదు పౌన్ల మాంసం ఆగుతుంది. "చెయ్యి నాకావంటే చస్తావు," అని ప్రతి ఏడూ అతని చేతి మీద కొట్టేది. కలిపింది మిగిలితే సీసాకెత్తేది. హ్యామ్ చక్కెర అంటే హ్యామ్ మీద చల్లుకునే చక్కెర కాదు. తొడను హ్యామ్‌గా మార్చే చక్కెర. నలభై ఆరేళ్ళు ఆ చేతి వంట తిన్నాడు, ఆ నోట్లో ఆ మాటకి అర్థమేమిటో అడగలేదు.

రెండు గుప్పెళ్ళు.

 బర్కీ వాళ్ళ వాకిట్లో పదకొండు ముఖాలు వరసగా కనిపించాయి. దానికీ ఒక రోజు వస్తుంది. నా కళ్ళ ముందే రావాలి. ఆమె తింది, తను తినలేదు. ఎందుకు తినలేదని అడుగుతారు. ఒట్టు సంగతి చెబితే ఉరితాడు తనే పేనుకున్నట్టు. ఈ లోయలో ఏ పన్నెండు మందిని జ్యూరీగా కూర్చోబెట్టినా ఒక్కడైనా నమ్ముతాడా?

కుక్కరు పెరట్లో బోర్లించొచ్చు. సీసా కడిగేయొచ్చు. ముసలిది, గుండె ఆగింది, అక్కకి ఆగినట్టే.

సీసా కోటు జేబులో దోపాడు. వెనక్కి తిరిగాడు. బెంచీ మీద ఎర్మా కళ్ళు తెరిచే ఉన్నాయి. అతన్నే చూస్తున్నాయి.

"ఎర్మా," అన్నాడు. ఆమె పలకలేదు. కళ్ళు మూతపడ్డాయి.

 గడియారం వంక చూశాడు, రోడ్డు వంక చూశాడు. అంబులెన్సు రావాలని కోరుకున్నాడు, రాకూడదనీ కోరుకున్నాడు. ఆమె పక్కన మోకాళ్ళ మీద కూర్చున్నాడు. అరచేతులు రాశాడు. ఆ చేతులు బూడిదరంగులో ఉన్నాయి.

అంబులెన్సులో ఇద్దరు వచ్చారు. ఒకడు డ్రైవరు, రెండోది వైద్యం చూసే లొరేన్ అనే అమ్మాయి. లొరేన్ ఎర్మా వేలికి ఏదో తగిలించింది, ముక్కుకి ఆక్సిజన్ పెట్టింది.

"ఏం తిన్నారండీ ఈవిడ?"

"హ్యామ్. క్రౌట్."

"మాత్రలేమైనా వేసుకున్నారా? పురుగుమందు, కలుపుమందు, అలాంటివేమైనా ఇంట్లో?"

"లేవు."

"క్రౌట్‌లో ఏమేం వేశారు?"

"ఉల్లిపాయ. ఆపిల్. దుంపలు."

"అంతేనా పెద్దాయనా?"

"అంతే."

లొరేన్ సూది గుచ్చింది. గొట్టంలోకి ఎక్కిన రక్తం చూసి ఆమె చెయ్యి ఆగింది. అది ఎర్రగా లేదు. కాఫీ మడ్డిలా ఉంది.

"ఇదేంటిది," అంది డ్రైవరుతో, గొంతు తగ్గించి. "ఆక్సిజన్ ఎంత పెట్టినా ఎక్కడం లేదు. గుండె బాగానే కొట్టుకుంటోంది. నాకేం అర్థం కావడం లేదు. పద పద."

ఎర్మాను స్ట్రెచరు మీద మోసుకుంటూ తీసుకెళ్ళారు. ఆమన్ వంటింట్లో నిలబడ్డాడు. జేబులో సీసా ఇటుకంత బరువుగా ఉంది. బండి తలుపులు మూసుకున్న చప్పుడు వినిపించింది. ఇంజను మోగింది.

పరిగెత్తాడు. డెబ్బై నాలుగేళ్ళ మనిషి, పోయిన మోకాలు, నున్నటి మంచు. మెట్ల కింద జారి పక్కకి పడ్డాడు. సీసా ఉన్న వైపు పడకుండా ఒళ్ళు మెలితిప్పాడు. లేచాడు. కదులుతున్న బండి వెనక తలుపు మీద పిడికిలితో బాదాడు.

లొరేన్ తలుపు తెరిచింది. సీసా ఆమె ఒళ్ళోకి తోశాడు.

"ఇది వేశాను. చక్కెరనుకున్నాను. హ్యామ్ ఊరబెట్టేది."

ఆమె మూత తీసింది, వేళ్ళతో కదిపింది, గులాబీ పలుకులు చూసింది. ఆమన్ ముఖం వంక ఒక్క క్షణం చూసింది.  తలుపు వేసేస్తూనే రేడియో అందుకుంది.

అతను రోడ్డు మీద నిలబడి ఉన్నాడు. తలకి టోపీ కూడా లేదు. చాలాసేపటికి ఇంట్లోకి వెళ్ళి కుక్కరు ప్లగ్గు పీకాడు. ఫోను పక్కన కుర్చీ వేసుకున్నాడు. రోడ్డు మీద ఏ బండి చప్పుడైనా పోలీసులదే అనిపించింది. ప్రార్థన చేద్దామనుకున్నాడు. ఎవరి కోసం చేస్తున్నాడో తేలక మానేశాడు.

నాలుగింటికి లొరేన్ ఫోను చేసింది.

"ఆ గులాబీ ఉప్పు రక్తాన్ని ఆక్సిజన్ మొయ్యనివ్వదట, విరుగుడుగా నీలంరంగు మందు ఎక్కించారండీ. నీలం మనిషికి నీలం మందు. అరగంటలో ఎరుపెక్కింది. కూర్చుంది. మిమ్మల్ని తిడుతోంది."

"ఏమని?"

"హ్యామ్ ఎండిపోయిందని."

ఆమన్ ఫోను పెట్టేసి వాంతి చేసుకున్నాడు.

రెండు రోజుల తర్వాత పోలీసు వచ్చాడు. కుర్రవాడు, మర్యాదగా అడిగాడు. చక్కెర అనుకున్నానని ఆమన్ చెప్పాడు. ఆస్పత్రిలో ఎర్మా కూడా అదే చెప్పిందట. కాగితం మీద రాసుకుని వెళ్ళిపోయాడు.

పదో రోజున ఎర్మా కర్ర పట్టుకుని రోడ్డు దాటి వచ్చింది. ఆమన్ గుమ్మంలోనే నిలబడ్డాడు. లోపలికి రమ్మనలేదు.

"బావా, నువ్వు సీసా జేబులో పెట్టుకోవడం చూశాను."

అతను తలుపు గడియ మీద చెయ్యి వేశాడు.

"బండి తలుపు బాదడమూ విన్నాను. పోలీసుకి రెండోదే చెప్పాను. మొదటిది ఎవరికీ చెప్పను. కానీ నువ్వు నాకొకటి చెప్పు. ఆ అరగంటా నా చేతులు రాస్తూ ఏమనుకున్నావు?"

"ఏమీ లేదు."

"భయపడ్డావు. నేను చూశాను కదా. భయం మనిషినేం చేస్తుందో ఇప్పుడు నీకూ తెలుసు." ఎర్మా కర్రను రెండు చేతులతో పట్టుకుంది. "బావా, ఆ రోజు అక్క దగ్గర నేను కూడా..."

"ఆపు."

"ఒక్క మాట విను."

"వినను. నేను నిన్ను క్షమించానని ఎవరితోనైనా అన్నావో, అబద్ధమని చర్చిలో నిలబడి చెబుతాను. క్షమించడం వేరు. ఇక లొవీనా పోయిన రోజు సంగతి, ఆ సీసా సంగతి, నేను ఎత్తను. నీతో ఎత్తను, పాస్టరుతో ఎత్తను. చచ్చాక దేవుడు అడిగినా నోరు విప్పను. వెళ్ళు."

తలుపు వేసి గడియ పెట్టుకున్నాడు.