చెలమపాళెం అడుగులు

చెలమపాళెంలో మొదటి బస్సు రాకముందే వరదమ్మ ఏటికి పోయేది. చేతిలో పుల్లల చీపురు, చంకలో ఖాళీ బిందె. కొడుకు అడుగు చూసుకుని, చుట్టూ చిమ్మి, వచ్చేటప్పుడు చెలమలో నీళ్ళు తోడుకుని వచ్చేది. వాకిట్లో ముగ్గు వేస్తున్న కోడలు తిరుమలమ్మ తల ఎత్తకుండానే అడిగేది.

"ఉండాదా అత్తా?"

"ఉండాది."

నాలుగేళ్ళుగా ఆ ఇంట్లో పొద్దు ఈ రెండు మాటలతోనే మొదలవుతోంది. చాలా రోజులు మూడో మాట ఉండేది కాదు.

ఊరి సంగతి కొంచెం చెప్పాలి. శ్రీకాళహస్తి దాటి నాయుడుపేట వైపు పోతుంటే స్వర్ణముఖి గట్టున ఉంటుంది చెలమపాళెం. పల్లె అంటే అక్కడివాళ్ళకు కోపం, టౌన్ అంటే పక్క ఊళ్ళవాళ్ళకు నవ్వు. ఏరు కూడా పేరుకే ఏరు. ఏడాదిలో పది నెలలు ఇసుకే. ఆ ఇసుకలో చెలమ తీసి, నీళ్ళు ఊరేదాకా పక్కన కూర్చుని ఊళ్ళోవాళ్ళ గుట్టంతా మాట్లాడుకోవడం అక్కడి ఆడవాళ్ళకు తాతలనాటి అలవాటు. ఇప్పుడు ఇంటింటికీ కొళాయి వచ్చినా చెలమ మానలేదు. కొళాయి దగ్గర కూర్చుంటే కబుర్లు సాగవు గదా.

రిటైరైన తెలుగు పంతులు యతిరాజులు ఊరి చరిత్రను నలభై పేజీల పుస్తకంగా రాసి అచ్చు వేయించాడు. చంద్రగిరిలో రాజులున్న కాలంలో ఏరు దాటించేవాళ్ళు ఇక్కడ గుడిసెలు వేసుకున్నారని అందులో ఒక పేజీ ఉంది. తన వంశం గురించి పన్నెండు పేజీలున్నాయి. అడుగుల గురించి మాత్రం 'భూగోళము' అనే శీర్షిక కింద నాలుగే వాక్యాలు. అందరికీ తెలిసినదాని గురించి అంతకన్నా ఏం రాస్తామని ఆయన వాదన.

తెలియనివాళ్ళ కోసం చెప్పాలంటే, ఆ ఊరి బిడ్డ ఎవరైనా మొదటిసారి నడిచిన రోజు, ఏటి ఇసుకలో తండ్రి అడుగుల పక్కన ఒక చిన్న జత అడుగులు పడతాయి. కోడళ్ళవి ఆ ఊరికి కాపురానికి వచ్చిన రోజు పడతాయి. మనిషి పెరిగితే అవీ పెరుగుతాయి. గాలికి, గొడ్లు తొక్కినందుకు, వరదకు పూడిపోతే, మరుసటి తెల్లవారికి మళ్ళీ తేలతాయి. మనిషి చనిపోయాక పూడితే మాత్రం ఇక తేలవు. బిడ్డ ఊళ్ళోనే నడవాలని కూడా లేదు. పక్కింటి రూతు కొడుకు ఏబెల్ బెంగళూరులో ఉంటాడు. వాడి కూతురు అక్కడ నడిచిన రోజు, ఫోను రాకముందే రూతు ఇక్కడ వీధంతా చక్కెర పంచింది.

ఊరి సచివాలయంలో కొత్తగా చేరిన హృషీకేశ్ అనే అబ్బాయి, మంచాన పడ్డ ముసలివాళ్ళు బతికే ఉన్నారని పింఛనుకు రుజువు కావాలంటే ఇళ్ళకు పోడు. ఏట్లోకి దిగి వాళ్ళ అడుగులు ఫోటో తీసుకుంటాడు. వేలిముద్ర పడకపోవచ్చు గానీ అడుగు ఎప్పుడూ పడుతుందని అతని అనుభవం.

ఇంత నమ్మకమైన ఏర్పాటు ఉండబట్టే తిరుమలమ్మకు అన్యాయం జరిగింది.

ఆమె మొగుడు మునిప్రసాద్ వ్యాను డ్రైవరు. తొమ్మిదేళ్ళ కిందట మామిడికాయల లోడుతో మద్రాసు పోయాడు. కాయలు దింపి, వ్యాను ఓనరు చుట్టాలింటి ముందు నిలిపి, తాళం చెవి వాళ్ళ చేతిలో పెట్టి పోయాడు. యాడికని ఎవరూ అడగలేదు. ఫోను మూగబోయింది. వేరే ఊళ్ళో అయితే జనం నాలుగు దిక్కులా వెతికేవాళ్ళు, పోలీసు స్టేషన్లో ఫోటో ఇచ్చేవాళ్ళు. చెలమపాళెంలో పెద్దలందరూ కలిసి ఏటికి పోయి చూశారు. అడుగులు నిక్షేపంగా ఉన్నాయి. "అడుగుండాది గదమ్మా, వస్తాడులే" అని ఇళ్ళకు వెళ్ళిపోయారు. అడుగున్న మనిషి తప్పిపోయాడని కేసు పెడితే నలుగురూ నవ్వరా? కేసు పెట్టలేదు. ఒక్కరు కూడా వెతకలేదు.

మొదట్లో తిరుమలమ్మే రోజూ పోయి చూసుకునేది. మొగుడి అడుగుల పక్కనే తనవి, మధ్యలో పుట్టబోయే బిడ్డల కోసం వదిలిన జానెడు ఇసుక. చూసి ఏడ్చేది. రెండో ఏడు ఏడుపు తగ్గింది. ఐదో ఏటికి, అన్నం ఉడికిందా లేదా అని చూసినట్టు చూసి వచ్చేది. అప్పుడే ఒకరోజు వరదమ్మ ఒక కొత్త కట్టుబాటు చెప్పింది. మొగుడు దూరాన ఉన్న ఆడది అతని అడుగు చూడకూడదట, చూస్తే రాక ఆలస్యమవుతుందట. ఊళ్ళో ఎవరూ అంతకుముందు ఆ మాట వినలేదు. అయినా అందరూ ఎప్పటినుంచో తెలిసినట్టే తలలూపారు. తిరుమలమ్మ చూడటం మానేసింది. చూసినా, చూడకపోయినా ఆమెకు తేడా ఏమీ తెలియలేదు. ఇస్కూల్లో పిల్లలకు వండింది, ఇంట్లో అత్తకు వండింది. ఎవరన్నా తనను పేరు పెట్టి పిలిస్తే, ఒక్క క్షణం ఆలస్యంగా తిరిగి చూసేది.

ఈ మే నెలలో వరదమ్మ ఏటి గట్టు దిగుతూ జారి పడింది. కుడికాలి మడమ దగ్గర ఎముక చిట్లింది. పుత్తూరు తీసుకుపోయి, గుడ్డు సొన పూసిన గుడ్డ చుట్టి, వెదురు దబ్బలతో కట్టు కట్టించుకొచ్చారు. మూడు కట్లు పడాలి, అప్పటిదాకా కాలు కింద పెట్టకూడదు అన్నారు. ముసలిదానికి నొప్పికన్నా వేరే బెంగ పట్టుకుంది.

"ఏటికి ఎవురూ పోవద్దు. కాలు బాగైనాక నేనే పోతా," అంది.

"రూతక్క చూసొస్తానంటాండాదే."

"ఎవురూ వద్దంటే ఇనవేం మే?"

సరేనంది తిరుమలమ్మ.

ఐదో రోజు సూళ్ళూరుపేట నుంచి అన్న చిన్నబ్బ ఫోను చేశాడు. ఆయన అక్కడ ఆడపిల్లల హాస్టల్లో వాచ్‌మన్.

"మ్మే, ఈడ వంటమనిషి పని ఖాళీ అయింది. ఉండేదానికి రూమిస్తారు. మేడంతో నీ మాట చెప్పినాను. శుక్రవారంలోగా ఏదో ఒకటి చెప్పల్ల."

"నేనెట్లొచ్చేది అన్నా? ఆయనొస్తే?"

"తొమ్మిదేండ్లాయె. రానీలే, వచ్చినోడు సూళ్ళూరుపేటకు రాలేడా?"

చిన్నబ్బ "నీకు నలభై కూడా లేవు గదా తల్లీ," అని ఫోను పెట్టేశాడు.

ఆ మాట ఆమె మనసులో ఎక్కడో పడింది గానీ చప్పుడు వినిపించలేదు. గురువారం పొద్దున ఒక లెక్క వేసుకుంది. అడుగు చూసి వస్తాను, ఉంటే ఈడనే ఉంటాను, పూడిపోయి ఉంటే పోతాను. ఏది జరిగినా ఒకటే అన్నంత మామూలుగా అనుకుంది. కట్టుబాటు గుర్తొచ్చింది. రాక ఇంకా ఆలస్యమైతే అయిందిలే అనుకుని అత్త కునుకు తీస్తున్న సమయం చూసి ఏట్లోకి దిగింది.

వాళ్ళింటి అడుగులు తుంగ పొదల పక్కన, అందరికన్నా చివర ఉంటాయి. మునిప్రసాద్ అడుగులు ఉన్నాయి. కొంచెం వెడల్పయ్యాయి కూడా, మనిషి ఒళ్ళు చేసినట్టున్నాడు. వాటికి ఎడమ పక్క తనవి. మధ్యలో జానెడు ఇసుక అట్లే నున్నగా ఉంది. కుడి పక్కన ఇంకో జత ఉంది.

చిన్న పాదాలు. కొత్తగా నడక నేర్చిన పసిబిడ్డవి కావు. ఐదేళ్ళ బిడ్డవి. ఐదేళ్ళ బిడ్డ అంటే నడిచి నాలుగేళ్ళు.

ఆ రెండు చిన్న పాదాల చుట్టూ ఇసుక గుల్లగా ఉంది, రోజూ తెచ్చి పోసిన ఇసుక. తనవీ, మునిప్రసాద్‌వీ ఉన్నచోట గట్టిగా ఉంది. తిరుమలమ్మకు అర్థం కావడానికి ఎక్కువసేపు పట్టలేదు. ఏడుపు వస్తుందేమోనని నిలబడింది. రాలేదు. కోపం వస్తుందేమోనని ఇంకాసేపు నిలబడింది. ఎండ ఎక్కుతుంటే ఇంటికొచ్చి రాగిసంగటి కెలికి, చెనిక్కాయల ఊరుబిండి పచ్చడి నూరి అత్తకు పెట్టింది.

వరదమ్మ రెండు ముద్దలు తిని, కోడలి పాదాలకు అంటిన ఏటి ఇసుక చూసింది. చేయి ఆగింది.

"పోయినావా?"

"పోయినాను."

"వాని అడుగు బాగుండాదా?"

"ఇద్దరిదీ బాగుండాది అత్తా."

ముసలిది పళ్ళెం పక్కకు జరిపింది. బుకాయించలేదు, అది ఆమె గొప్పతనమే అనాలి.

"మొదట్రోజు సూసినప్పుడు కాళ్ళూ చేతులూ ఆడలేదు," అంది. "సంతోషమైంది మే, అబద్ధం జెప్పను. నా కొడుక్కు బిడ్డ. వీధిలో చక్కెర పంచాలనిపించింది. ఆనెక నీ మొగం గుర్తొచ్చింది. నీకు తెలిస్తే పోతావు. నువ్వు పోతే నాకెవురుండారు? వాడా వచ్చేది? దోసిళ్ళతో పూడిస్తి. తెల్లారి మళ్ళీ తేలింది. మళ్ళీ పూడిస్తి."

"నాలుగేండ్లు."

"నాలుగేండ్లు."

తిరుమలమ్మ గోడకు ఆనుకుని కూర్చుంది. ఎదురుగా ఉన్న మనిషిని తిట్టబుద్ధి కాలేదు, ఓదార్చబుద్ధీ కాలేదు. చివరికి వరదమ్మే గొంతు తగ్గించి అడిగింది.

"ఎట్లుండాయి మే కాళ్ళు?"

"రోజూ సూసినావు గదా."

"యాడ సూసినాను? కండ్లు మూసుకుని పూడ్చేదాన్ని. సరిగ్గా సూస్తే పూడ్చబుద్ధి కాదని."

అప్పుడు తిరుమలమ్మకు ఎన్నో ఏళ్ళకు మొదటిసారి గుండెలో ఒక చోట నొప్పి పుట్టింది. తన కోసమా, ఈ ముసలిదాని కోసమా, పేరు తెలియని ఆ బిడ్డ కోసమా అని తేల్చుకోలేకపోయింది గానీ నొప్పి మాత్రం నిజం.

"ఎడమకాలు లోపలికి తిరిగుండాది," అంది. "నీ కాలి మాదిరే."

వరదమ్మ కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. తిరుమలమ్మ పళ్ళెం తీసి కడిగి, అన్నకు ఫోను చేసింది. అత్తకు మూడో కట్టు విప్పినాక వస్తాను, అంతవరకు పని నిలిపి పెట్టమని మీ మేడంను అడుగు అంది. నిలిపి పెట్టకపోతే ఇంకో పని చూడమంది. రానని మాత్రం అనలేదు.

మేడం నిలిపి పెట్టింది. జూన్ రెండో వారంలో కట్టు విప్పారు. వరదమ్మ కర్ర పట్టుకుని నడుస్తోంది. రోజూ ఓసారి వచ్చి చూసిపోతానని రూతు మాటిచ్చింది. తిరుమలమ్మ రెండు సంచుల్లో బట్టలు సర్దుకుంది. నాలుగు చీరలకు రెండు సంచులు ఎక్కువే అయ్యాయి.

వద్దన్నా వినకుండా వరదమ్మ బస్టాపు దాకా వచ్చింది. బస్సు మలుపు తిరుగుతుండగా ముసలిది కోడలి చేయి పట్టుకుంది.

"నీ అడుగు ఈడనే ఉంటాది గదా మే. రోజూ సూసుకుంటాలే."

"సూసుకో అత్తా," అంది తిరుమలమ్మ. చేయి విడిపించుకోలేదు. "అడుగుండాది గదాని నేనొస్తానని మాత్రం అనుకోవద్దు."

వరదమ్మ తలూపింది. తిరుమలమ్మ బస్సెక్కి కిటికీ పక్కన కూర్చుంది. బస్సు వంతెన మీద ఏరు దాటుతున్నంతసేపూ పమిట అడ్డం పెట్టుకోకుండా, అందరూ చూస్తుండగానే ఏడ్చింది. కండక్టరు రెండుసార్లు వచ్చి పక్కకు పోయాడు. మూడోసారి వచ్చినప్పుడు ముఖం తుడుచుకుని, సూళ్ళూరుపేటకు ఒక టికెట్ ఇమ్మంది.