అక్క వేలు చూపిన గడి

అక్కకు మాట పడిపోయాక తమ్ముడు ఊరుకుంటాడా! లిఫ్టుల టచ్ ప్యానెళ్ళు బాగుచేసే షాపులో పనివాడాయె. మంచానికి ఒక టచ్ తెర బిగించాడు. ఎడమవైపు గడిలో ‘నీళ్ళు’, కుడివైపు గడిలో ‘చాలు’. వేలు ఆనితే మాట బయటికొస్తుంది, అదీ అక్క గొంతుతోనే. జబ్బు ముదరకముందే రికార్డు చేసి పెట్టుకున్నాడు. వేలు ఎక్కడ ఆనిందో అంకెల్లో చెప్పడమే తెర వెనకున్న చిప్ పని.

తన వేలితో సరిచూసుకుని ఉంటే గొడవే లేకపోయేది. అక్క వేలికి బలం లేదు, ఆ వేలికే చిప్‌ని సర్దాలని పట్టుబట్టాడు. మొండిఘటం!

“అక్కా, నీళ్ళు నొక్కు,” అన్నాడు తెర వెనక కూచుని, కళ్ళు లాప్‌టాప్‌కి అప్పగించి.

“చాలు,” అంది తెర. అంకె చూస్తే కుడి అంచుది. మళ్ళీ నొక్కమన్నాడు. మళ్ళీ కుడి అంచే.

“ఓస్, ఇంతేనా! ఎక్స్, అదే అడ్డం లెక్క, తిరగబడింది.”

ఈ చిప్‌లకిది మామూలే, ఎడమను కుడి అనుకుంటాయి. దాన్ని తారుమారు చేసే సెట్టింగులో సున్నాని ఒకటి చేశాడు. అక్క నొక్కింది. “నీళ్ళు,” అంది తెర. తమ్ముడి ఆనందానికి పట్టపగ్గాల్లేవు. చెంచాతో నీళ్ళు పట్టాడు. ఆమెకు పొలమారింది. అతను కుర్చీలో వెనక్కి కూచున్నాడో లేదో, మళ్ళీ “నీళ్ళు.” ఆ రోజంతా మాట వినబడటం ఆలస్యం, గ్లాసు పట్టుకుని పరిగెత్తాడు.

సాయంత్రం బావ పనినుంచి వచ్చాడు.

“ఏదీ, నీ పనితనం చూద్దాం ఇంజినీరుగారూ,” అంటూ ‘నీళ్ళు’ మీద వేలు పెట్టాడు.

“చాలు,” అంది తెర.

“ఇదేంట్రా, తిరగేసి చెప్తోంది?”

తమ్ముడు లాప్‌టాప్‌లో పొద్దుటి అంకెలు మళ్ళీ చూశాడు. చిప్‌ది ఏ తప్పూ లేదు, అక్క నొక్కిందే ‘చాలు’. అక్క వద్దు మొర్రో అంటుంటే పొద్దుటినుంచీ గొంతులో పోస్తూ వచ్చాడు!

ఒకటిని మళ్ళీ సున్నా చేశాడు. ఈసారి తెర ముందుకొచ్చి, మంచం పక్కన కూచున్నాడు.

“నీళ్ళొద్దా అక్కా? సరే, పొయ్యను. రేపు డాక్టరు తిండికి గొట్టం వేస్తారు, కాస్త బలమొస్తుంది. ఇంకా గడులు పెడతాను. దుప్పటి, కిటికీ, నీకేం కావాలంటే అది...”

ఆమె అతన్నే చూస్తూ వేలు జరిపింది.

“చాలు,” అంది ఆరోగ్యంగా ఉన్నప్పటి గొంతు.

బావ గోడవైపు తిరిగిపోయాడు. తమ్ముడు ఆమె చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు.

“నావల్ల కాదక్కా,” అని బావురుమన్నాడు.

అతని గుప్పిట్లో ఆ వేలు ఇంకా కుడివైపుకే లాగుతోంది.