ఎడమ నుంచి కుడికి

మా బావ టూరిస్టు గైడు, నేను ఆయన బస్సు డ్రైవర్ని. కంటి జబ్బుతో ఆయనకు రంగులన్నీ బూడిదలా కనబడటం మొదలై ఏడాదయింది. ఆ సంగతి నాకు తప్ప మా అక్కకు కూడా తెలియదు.

మూడు రోజుల టూరులో మొదటిరోజు రంగుల కొండలు. ఎడమ నుంచి ఎరుపు, పసుపు, ఆకుపచ్చ, ఊదా అని ఆయనకు కంఠతా వచ్చు. ఈసారి కొండచరియ విరిగిపడి దారి మూసేశారు. బావ కునుకు తీస్తుంటే బస్సును చుట్టూ తిప్పి కొండకు అవతలివైపు ఆపాను. ఆ ముక్క ఆయన చెవిన వేయడం మరిచాను, దద్దమ్మని!

"ఎడమ చివర చూడండి, నిప్పులాంటి ఎరుపు!" అన్నాడు బావ చెయ్యి చాచి. అక్కడున్నది ఊదా. జనం హాస్యమనుకుని నవ్వారు. నాలుగో రంగుకల్లా ఒక్కరూ నవ్వలేదు. గట్టిగా హారన్ కొట్టాను. అంతకు మించి నేనేం చేయగలను?

బావ వచ్చి నా పక్కన కూలబడ్డాడు. అద్దంలో చూస్తే, అందరూ కొండల్ని వదిలేసి ఆయన్నే చూస్తున్నారు.

"పోనీలే బావా, రేపు ఉప్పు మైదానమేగా. అంతా తెలుపే."

"ఎల్లుండి ద్రాక్షతోటరా," అన్నాడు. "పండిన గుత్తులు చూసి కోసివ్వాల్సింది నేనే."