చెయ్యి పెట్టని తొట్లు

నా కూతురి సంచి మూడు రోజులకు సరిపడా సర్దాను. రెండు చీరలు, తువ్వాలు, చేతులకు రాసుకునే నూనె సీసా. నాలుగో రోజుకని ఇంకో చీర పెట్టబోతే నవ్వింది.

"దేశాలు పట్టిపోతున్నానా అమ్మా? షెడ్డుకేగా!"

ఎవరు గడప దాటినా వీధి మలుపు దాకా వెంట వెళ్ళేదాన్ని నేను. అయినా ఆ చీర తీసేశాను.

షెడ్డులో మా ఆడవాళ్ళు పెంచేది తెలివిబంక. బూడిద రంగు, పాచినోటి వాసన. పైపులోకి వదిలితే పగులెక్కడుందో తనే వెతుక్కుంటూ పాకి, పూడ్చి, గట్టిపడుతుంది. ఊరి నీళ్ళు వృథా కాకుండా ఆపింది అదే, కాదనను. కానీ ఆ తెలివి దానికి పుట్టుకతో రాలేదు. నలభై మంది, మనిషికో తొట్టి, రోజూ పొద్దున్నే వట్టి చేతులతో పిసికితే వచ్చింది. తొడుగులు వేసుకుంటే దానికి పాఠం ఎక్కదట. గోళ్ళు ఊడిపోయేవి, వేళ్ళ చర్మం నానిన కాగితంలా లేచిపోయేది. ఇరవై ఏళ్ళు నేను పిసికిన తొట్టి తర్వాత నా కూతురిదయింది. మూడు రోజులు చెయ్యి తగలకపోతే బంక అన్నీ మరిచిపోయి వట్టి బురదవుతుంది.

అంతకు ముందు వారం, ట్యాంకు కడిగే ఆయన కాలు లోపల గీరుకుంది. ఆయన పైకి రాకముందే బంక వదలమన్నాడు కాంట్రాక్టరు, ఆలస్యమవుతోందని. బంకకు గాయమూ పగులే. ముందు కాలు మూసింది. తర్వాత నోరు, ముక్కు. పైకి లాగేసరికి ముఖం కుండ అడుగులా నున్నగా ఉంది. సూపర్‌వైజరు డాక్టరును పిలవలేదు. గరిటె తెప్పించి ఆ ముఖం మీది బంకను గీకించి డబ్బాకెత్తించాడు, "సరుకు పాడవుతుంది" అంటూ. కూతురికి సద్ది తెచ్చిన నాతో సహా అందరం చూశాం. ఇప్పటికీ ముద్ద నోటిదాకా వచ్చి ఆగిపోతుంది నాకు. తాగి పడి చనిపోయాడని గేటుకు కాగితం అంటించారు. పొట్లాల కాగితాల మీద చదువు నేర్చుకున్నదాన్ని, అందరికీ అది చదివి వినిపించింది నేనే.

ఆ సాయంత్రం కుళాయి దగ్గర చేరాం.

"ఎదురు తిరిగితే రేపు మన పొయ్యిలో ఏం పెడతామే?" అంది షెడ్డులో అందరూ అక్కా అని పిలిచే లావుపాటామె.

"రేపు ఆ ట్యాంకులో దిగేది నీ మొగుడేగా అక్కా?" అంది నా కూతురు.

"మొగుడా పిల్లలా నీకు! ఎన్నయినా చెబుతావు."

"దాని బుర్ర ఎక్కడుందనుకున్నారు? మన వేళ్ళలో! తీసేద్దాం చేతులు. మనిషి లోపలుండగా బంక వదలనని ఆ కాంట్రాక్టరు రాసివ్వాలి. గేటుకున్న అబద్ధపు కాగితం చింపాలి. మూడు రోజులు చాలు."

అక్క తన వేళ్ళకేసి చాలాసేపు చూసుకుంది. "సరే. నా తొట్టి దగ్గరికి వాడొస్తే వాణ్ణే పిసుకుతా."

నలభై మందీ ఎవరి తొట్టి పక్కన వాళ్ళు, చేతులు చంకల్లో పెట్టుకుని కూర్చున్నారు. మొదటి రోజు బంక అంచుల దాకా పాకి వేళ్ళ కోసం తడుముకుంది. రెండో రోజు అట్టకట్టింది. నేను మంచినీళ్ళు తీసుకెళ్ళేసరికి నా కూతురు గేటు దగ్గర మాట్లాడుతోంది. నా పాత తొట్టి నన్ను గుర్తుపట్టినట్టు చిన్న పొక్కు లేపింది. మనిషిని మింగినదాని మీద నాకు జాలేమిటి? కానీ ఏదైనా వదిలి వెళ్ళడం చేతకానిదాన్ని. తడిచేత్తో ఒక్కసారి నిమిరాను.

మూడో రోజుకు ముప్పై తొమ్మిది తొట్లు బురదయ్యాయి. ఒకటి కదులుతోంది.

కాంట్రాక్టరు కిటికీలోంచి నవ్వాడు. "ఒక్కటి చాలు. మీలో ఒక్కరు పిసికి దాన్ని కలిపితే అన్నీ లేస్తాయి."

ఆడవాళ్ళు ఒకరినొకరు అనుమానంగా చూసుకుంటున్నారు. నేనే లేచాను. "నా చెయ్యేనమ్మా."

"అది నీ మనవడనుకున్నావా పిన్నీ?" అంది అక్క.

నా కూతురు నా చెయ్యి పట్టుకుని కొంగుతో తుడిచింది. "ఇంకో మూడు రోజులు కూర్చుందాం," అంది. అక్కే అందరికంటే ముందు కూర్చుంది.

అయిదో రోజు పోలీసులొచ్చారు. "ఎవరు మీ పెద్ద?"

"మేమే," అన్నారు నలభై మందీ.

కాంట్రాక్టరు నా కూతుర్ని వేలెత్తి చూపించాడు. జుట్టు పట్టి ఈడ్చుకుపోతుంటే అరిచింది: "చేతులు చంకల్లోనే ఉంచండి! అమ్మా, నువ్వూ!"

ఉంచాం. మర్నాటికి నలభయ్యో తొట్టి కూడా బురదయింది. ఊళ్ళో పైపులు కారడం మొదలయ్యాక కాంట్రాక్టరు గేటు దగ్గరికొచ్చి తన చేతులతో ఆ కాగితం చింపాడు, మనిషి లోపలుండగా బంక వదలనని రాసి సంతకం పెట్టాడు. ఇప్పుడు ఏ ఊళ్ళోనైనా మనిషి లోపలుండగా బంక వదిలితే, అక్కడి షెడ్డు ఆడవాళ్ళు తొట్లలోంచి చేతులు తీసేస్తున్నారు.

నా కూతుర్ని పట్టుకెళ్ళిన మరుసటి రోజే వదిలేశామని స్టేషను పుస్తకంలో రాసుంది. ఆ వాక్యం కూడబలుక్కుని నేనే చదివాను. నా కూతురు గురువారం మధ్యాహ్నం రెండు గంటలకు పోలీసు వ్యాను ఎక్కింది. తిరిగి రాలేదు. తొమ్మిదేళ్ళయింది.