ఏడో నంబరు జాడీ

1998 ఫిబ్రవరి పదకొండు, బుధవారం. ఆ రాత్రి మాబు సాహెబ్ ఇంట్లో సొరపుట్టు వండుకున్నారు. ఉడికించి తోలు ఒలిచిన సొరచేపను చేత్తో పొడిపొడిగా నలిపి, వేగిన ఉల్లిపాయల్లో, పచ్చిమిరపకాయల్లో వేసి, మూకుడు దించేముందు కొత్తిమీర చల్లిన పుట్టు. పక్కన మిరియాల చారు. పెళ్లిరోజు కూడా ఎవరైనా చెబితే తప్ప గుర్తురాని మనిషికి ఈ ఒక్క తారీకు మాత్రం వంటతో సహా నిలిచిపోయింది. ఆ రోజు తెచ్చిన నాలుగు సొరల్లో మూడే మూకుట్లోకి వెళ్లాయి. నాలుగోది ఇదిగో, ఇరవై ఏడేళ్లుగా ఈ జాడీలో ఉంది.

పొద్దున్న ఎనిమిది కాకముందే ఆయన జాడీ మూత తీసి, గరాటును గాజుకు ఆనించి, చేపను చెడనివ్వని ఫార్మలిన్ మందు పోస్తున్నాడు. ధార గాజు వెంబడే జారాలి. ఎత్తు నుంచి పోస్తే అడుగున చేరిన మడ్డి లేచి చేప కనబడకుండా పోతుంది. మార్చి వచ్చిందంటే చీరాల ఎండకి ప్రతి జాడీలోనూ రెండు వేళ్ల మందాన మందు తగ్గుతుంది. అలా వదిలేస్తే చేప వీపు బయటపడి, ఆరి, నల్లబడి చీలుతుంది. ఈ కాలేజీలో జువాలజీ ల్యాబు అటెండరుగా చేరి ముప్ఫై ఆరేళ్లయింది. ఇన్నేళ్లలో ఆయన ఒక్క చేప వీపునూ ఆరనివ్వలేదు. ఆ మందు ఆయన వేళ్లను మాత్రం ఊరికే వదల్లేదు. చివర్లు గట్టిపడి, గీతలు చెరిగిపోయి, రేషన్ షాపు మిషను మీద ముద్ర పడదు. "సాహెబు గారూ, దొంగతనాలకి వెళ్తే మిమ్మల్ని పట్టుకోవడం ఎవడి తరమూ కాదు!" అని డీలరు నవ్వి, కంటి మిషనుకి కళ్లు చూపించమంటాడు.

మూత చుట్టూ గ్రీజు రాసి, గుడ్డతో జాడీ తుడిచాడు. లోపల మూరన్నర పొడుగున్న చేప జాడీలో పట్టక వంపు తిరిగి ఒదిగి ఉంది. బూడిద రంగు ఒళ్లు, మెత్తని పొడుగాటి ముక్కు, పిల్లి కళ్లలా సన్నగా సాగిన కళ్లు. కాస్త తెరిచిన నోట్లో నువ్వుగింజలంత పళ్లు వరసల మీద వరసలు. జాడీ మీద చీటీ పసుపెక్కింది. దాని మీద రాసింది మాత్రం చెరగలేదు: స్కోలియోడాన్. తూర్పు తీరంలో ఏ రేవుకి వెళ్లినా బుట్టలకొద్దీ దొరికే చిన్న సొరకి పుస్తకాల్లో ఉన్న పేరు అది.

ఆ పేరు తప్పని ఈ కాలేజీలో తెలిసినవాడు మాబు సాహెబ్ ఒక్కడే.

ఆయనకి చెప్పింది భార్య జహీరున్నీసా. పిల్లలు చేపల్ని కోసి నేర్చుకునే రోజుల్లో ఆయన తెల్లవారుజామునే సైకిలు మీద వాడరేవు వెళ్లి సొరలు కొనుక్కొచ్చేవాడు. కోతకి పోగా మిగిలినవి ఇంటికి వెళ్లేవి. ఆ బుధవారం పెరట్లో బూడిదతో చేపలు తోముతున్న జహీరున్నీసా చెయ్యి ఉన్నట్టుండి ఆగింది.

"ఏమయ్యా, ఇదెక్కడ దొరికింది?"

"వాడరేవులోనే. పెద్దబోటు వాళ్ల బుట్టలో అడుగున ఉంది. ఏం?"

"ఇది మన సొర కాదు."

"సొర కాకపోతే సొరకాయా?"

"నవ్వమాక. వీపు మీద చూడు, రెండు రెక్కలూ కవలల్లాగా ఒక్క ఎత్తున ఉండాయి. మన సొరకి వెనకది గోరంతేగా ఉండేది? కళ్లు చూడు. ఇదెక్కడో ఎండ తగలని చోట బతికింది. నేను వండను. తీసుకెళ్లి మీ సార్లకి చూపించు."

మర్నాడు చూపించాడు. అప్పటి లెక్చరరు సీతారామాంజనేయులు గారు మంచి మనిషే. ఆ రోజు పరీక్ష పేపర్ల హడావిడిలో ఉన్నారు. చేప వైపు ఒక్క చూపు చూసి, "సొరంటే సొరేనయ్యా. మీ ఆవిడ జువాలజీ ఎక్కడ చదివింది?" అని నవ్వి, చీటీ రాసి ఇచ్చారు. ఆ నవ్వులో విషం లేదు. అయినా ఆ మాటను ఇంటికి మోసుకెళ్లడానికి మాబు సాహెబ్‌కి మనసొప్పలేదు. గుమ్మంలో ఎదురుచూస్తున్న భార్యతో, "సారు కూడా నువ్వన్నదే అన్నారు. వేరే జాతేనట. చీటీ కూడా రాశారు" అన్నాడు.

జహీరున్నీసా ముఖం వెలిగిపోయింది. ఆ తర్వాత వీధిలో ఎవరింట సొర వండినా ఆమె ఒక్కసారైనా అనేది: "కాలేజీలో అద్దాల బీరువాలో నేను గుర్తుపట్టిన సొర ఉందమ్మా." అన్నప్పుడల్లా ఆయన తల వంచుకుని చారు జుర్రుకునేవాడు.

ఆ బీరువాలకి ఇదే ఆఖరి వారం. కోతలు ఆగిపోయి చాలా ఏళ్లయింది. వచ్చే ఏడాది నుంచి ఈ గదిలో కంప్యూటర్లు పెడతారు. కాలేజీ వెనక గోడ పక్కన సోమవారం గుంట తవ్వి జాడీల్లోవన్నీ పూడ్చేస్తారు. ఇవాళ శనివారం, ప్రాక్టికల్ పరీక్ష. బయటి నుంచి చదువుకున్న మనిషి ఒకరు ఈ గదిలోకి రావడం ఇదే చివరిసారి. ఆ కన్ను ఒక్కసారి ఈ చేప మీద సరిగ్గా పడకపోతే, తప్పుడు పేరుతో ఇదీ, దీంతోపాటు జహీరున్నీసా మాటా మట్టిలోకి పోతాయి. తను ఇంట్లో చెప్పింది ఎప్పటికీ అబద్ధంగానే మిగిలిపోతుంది.

పరీక్షలో పిల్లలు గుర్తుపట్టాల్సిన పది నమూనాల జాబితా ముందురోజే లెక్చరరు కోటి ఇచ్చాడు. ఏడోది స్కోలియోడాన్. అసలు స్కోలియోడాన్ జాడీ బీరువాలో రెండో అరలో ఉంది. మాబు సాహెబ్ దాన్ని అక్కడే ఉంచి, ఈ జాడీని ఎత్తుకొచ్చి ఏడో నంబరు ముందు పెట్టాడు. ముప్ఫై ఆరేళ్ల ఉద్యోగంలో చేసిన మొదటి తప్పుడు పని. చీటీలన్నిటి మీదా తెల్లకాగితం అంటించాడు. ఎప్పటిలాగే ఒక్కో జాడీని, ఏ భాగం చూస్తే పిల్లలు గుర్తుపడతారో ఆ పక్క వాళ్లవైపు వచ్చేలా తిప్పాడు. ఒక్కో జాడీకి రెండు నిమిషాల్లో గంట కొట్టేస్తారు. భయంలో ఉన్న పిల్లకి తేలు కొండి కనబడితే చాలు, పేరు దానంతటదే నోటికొస్తుంది. ఇది ఎవరూ చెయ్యమనలేదు, ఎవరూ గమనించనూ లేదు. ఏడో జాడీని తిప్పేటప్పుడు మాత్రం వీపు మీది రెండు రెక్కలూ పరీక్షాధికారి నిలబడే వైపుకి ఉంచాడు.

తొమ్మిదిన్నరకి పరీక్షాధికారి అనూష గుంటూరు నుంచి తుమ్ముతూ దిగింది. ముప్ఫై అయిదేళ్లుంటాయి. "సగం దారి దాకా ముందర మిర్చి టిక్కీల లారీయేనండి, ఆ బస్తాల ఘాటంతా మా మీదికే. వాడు పక్కకి తప్పుకోడు, మా బస్సు వాడు దాటడు" అంటూ మళ్లీ తుమ్మింది. మాబు సాహెబ్ గబగబా మజ్జిగ గ్లాసు తెచ్చి ఇచ్చాడు. ఆమె తాగి, జాబితా చేత్తో పట్టుకుని బల్ల వెంట నడిచింది. ఒకటి, రెండు, మూడు... ఏడు దగ్గర ఆగింది.

వంగింది. కళ్లజోడు పైకెత్తి మళ్లీ చూసింది.

"కోటి గారూ, ఇదేంటి?"

"స్కోలియోడాన్ మేడమ్."

"ఇదా?"

కోటి దగ్గరికొచ్చి జాడీ వైపు, మాబు సాహెబ్ వైపు చూశాడు. "ఏంటి సాహెబు గారూ, ఎప్పుడూ పెట్టే జాడీ ఏది? పిల్లలు బయట నిలబడి ఉన్నారు. కొంప ముంచుతారా?"

"తప్పయింది సారూ" అన్నాడు మాబు సాహెబ్. జాడీ మార్చాడు. అనూష ఎనిమిదో జాడీ దగ్గరికి నడిచింది. గంట కొట్టారు. పిల్లలు వచ్చారు, చెమటలు కక్కారు, పెన్నులు కొరికారు, వెళ్లారు. రెండో జట్టు కూడా వెళ్లింది. మధ్యాహ్నం ఆయన వరండాలో కూర్చుని, తెల్లవారి తను వండుకున్న అన్నం, గోంగూర పచ్చడి తెరిచాడు. రెండు ముద్దలు తిని మూత పెట్టేశాడు. ఆ చూపు అంతేనేమో. చదువుకున్నవాళ్లకి సవాలక్ష పనులు. మళ్లీ ఎట్టా అడగను? ఏమని అడగను?

నాలుగున్నరకి మార్కుల కాగితాలు కవర్లో పెట్టి అతికించాక అనూష తనంతట తనే అడిగింది. "మాబు సాహెబ్ గారూ, పొద్దున్నటి జాడీ మళ్లీ తెస్తారా? పొద్దుటినుంచీ నా ధ్యాసంతా దాని మీదే ఉంది."

తెచ్చాడు. కోటి కూడా వచ్చి నిలబడ్డాడు. అనూష చేపను ట్రేలోకి తీయించి, పెన్సిలు మొనతో రెక్కలు కొలిచి, పెదవి పైకెత్తి పళ్ల వరసలు లెక్కపెట్టింది.

"ఇది పైనీళ్లలో తిరిగే సొర కాదండి. నాలుగైదు వందల మీటర్ల లోతులో, వెలుగు అందని చోట ఉండే రకం. న్యూజిలాండ్ దగ్గర దీని చుట్టం ఒకటుంది. దానికి పేరు ఎలా పెట్టారో తెలుసా? ఇంగ్లీషులో ఒక కల్పిత కథ ఉంది. అందులో కొండ అడుగున, చీకటి చెరువులో ఒక బక్క ప్రాణి పచ్చి చేపలు తింటూ బతుకుతుంటాడు. ఆ సొరను చూడగానే శాస్త్రజ్ఞుడికి వాడే గుర్తొచ్చాడట. వాడి పేరే పెట్టేశాడు."

ఆ పేరు ఆమె రెండుసార్లు పలికింది. మాబు సాహెబ్‌కి అది ఎవరో గుటక మింగినట్టు వినిపించింది.

"వాడు మంచోడా చెడ్డోడా అమ్మా?"

"ఒకప్పుడు మామూలువాడేనండి. చీకట్లో ఉండి ఉండి చెడిపోయాడు."

ఆయన ట్రేలోకి చూశాడు. "ఇది మాత్రం చెడలేదమ్మా. చూడండి, చీకట్లో బతికినా ఎంత పొందిగ్గా ఉందో. ఆ కంటి గీత ఎంత తీరుగా గీసినట్టుందో."

అనూష నవ్వింది. "నిజమే. కానీ నేను ఖాయంగా ఏదీ చెప్పలేను. సొరల మీద పనిచేసే వాళ్లకి పంపాలి. ఏడాది పట్టొచ్చు. మన సముద్రంలో ఉన్న రకమే కావచ్చు, కాకపోనూ వచ్చు. ఒక్కటి మాత్రం నేనే రాసిస్తాను, ఇది స్కోలియోడాన్ కాదు."

కోటి తల గోక్కున్నాడు. "నాలుగేళ్లుగా రోజూ దీని ముందు నుంచే పోతున్నా మేడమ్. చీటీ చూశా గానీ చేపని చూళ్లేదు. తీసుకెళ్లండి, ప్రిన్సిపాల్‌కి నేను చెప్పుకుంటాను."

కొత్త చీటీ రాయడానికి ఆమె పెన్సిలు చెక్కింది. మందులో కరగనిది పెన్సిలు రాతే. "ఎక్కడ దొరికింది?"

"వాడరేవు."

"ఏడాది ఏమైనా గుర్తుందా?"

"98 ఫిబ్రవరి పదకొండు. బుధవారం."

ఆమె తలెత్తి ఆయన్ని చూసి, రాసుకుంది. "సేకరించినవారు... మీ పేరేనా?"

"నాది రాయమాకండమ్మా. నేను పుట్టు కోసం తెచ్చా. నాకేం తెలుసు? కూరలో పడకుండా ఆపింది వేరే మనిషి. రెక్కలు చూసి, కళ్లు చూసి, ఇది మనది కాదంది. ఆమె పేరు రాయండి. జహీరున్నీసా."

"ఇక్కడ లెక్చరరా అండి?"

"మా ఇంటావిడ."

పెన్సిలు క్షణం ఆగి కదిలింది. జహీరున్నీసా, చీరాల. రాయడం పూర్తిచేసి అనూష అడిగింది. "ఆవిడతో ఒకసారి మాట్లాడొచ్చా? బోటు ఏదో, ఒళ్లు అప్పుడు ఏ రంగులో ఉందో..."

"ఆరేళ్లయిందమ్మా. జ్వరమొచ్చింది. నాలుగు రోజులే."

కోటి కిటికీ వైపు తిరిగాడు. అనూష చీటీని మళ్లీ ఒకసారి చదివి, రెండు వేళ్ల మధ్య జాగ్రత్తగా పట్టుకుంది.

సర్దడం మాబు సాహెబ్ పని. ఆయన తండ్రి వింటినారితో దూదేకి పరుపులు కుట్టినవాడు. దూదిని ఎంత పరిస్తే ఎంత బరువు ఒరుసుకోకుండా ఆగుతుందో కొడుకు చేతులకి ఆయన్నించే వచ్చింది. దూదిని విడదీసి, మందులో తడిపి, ట్రేలో పొడుగ్గా పరుపు వేసి చేపను పడుకోబెట్టాడు. అది చాపుకోలేదు. ఇన్నేళ్లు ఒదిగి ఉన్న వంపు ఒంట్లో నిలిచిపోయింది. తల ఒకవైపు, తోక ఒకవైపు పరుపు దాటి నిలిచాయి. ఆయన నొక్కలేదు. దాన్ని మెల్లగా రెండు చేతుల మీదికి తీసుకుని, ఆ వంపుకి తగ్గట్టు ఖాళీ పెయింటు బకెట్టులో గుండ్రంగా ఇంకో దూదిపరుపు పరిచి అందులోకి దించాడు. పైన తడిగుడ్డ కప్పి, చీటీ పెట్టి, మూత బిగించాడు.

"బస్సులో ఇదేంటని అడిగితే ఏం చెప్తారమ్మా?"

"పండుమిరప పచ్చడి అంటాను."

"ఈ కంపుకి గుంటూరోళ్లు నమ్మరు" అన్నాడు ఆయన. ముగ్గురూ నవ్వారు.

గేటు దాకా బకెట్టు తనే మోశాడు. ఆటోలో అనూష దాన్ని ఒళ్లో పెట్టుకుంది. "ఏ సంగతైనా ఫోన్ చేసి చెప్తాను మాబు సాహెబ్ గారూ" అంది. ఆటో రోడ్డెక్కేదాకా ఆయన నిలబడ్డాడు. తర్వాత గాలిలోకే చూస్తూ, ఇంట్లో మనిషితో అన్నట్టు, "సారు కాదులే, మేడమ్ రాసింది. చీటీ రాసింది" అన్నాడు.

గదికి తిరిగొచ్చేసరికి పొద్దు వాలింది. ఫ్యాను ఆపాడు. కిటికీలు వేశాడు. బీరువాల వరసను చివరిదాకా ఒకసారి చూసి, బయటికొచ్చి, పడుకున్నవాళ్లు లేస్తారేమో అన్నంత మెల్లగా తలుపు దగ్గరికి వేశాడు.

లోపల బల్ల మీది ట్రేలో, చేపకు సరిపోని మొదటి దూదిపరుపు ఇంకా తడిగానే ఉంది. నడుమన వంపు తిరిగిన పల్లం.